గ్రీకులు, టర్కిష్ వాళ్ళు ఇంకా కలిసి ఉంటున్న పీలా ఊరి సంగతి ఎవరికైనా తెలుసా?

ఉప్పుచెరువు (ప్రశ్న)

అందరికీ నమస్తే. నేను సైప్రస్‌లో లార్నకాలో ఉంటున్నా, వచ్చి ఎనిమిది నెలలైంది, గోడౌన్‌లో పని. మొన్న ఆదివారం రూమ్మేట్ బండి మీద దెకేలియా వైపు సముద్రం పక్క రోడ్డులో వెళ్తూ ఊరికే లోపలికి తిరిగాం, పీలా అని ఒక ఊరొచ్చింది. చిన్న ఊరే. నడిబొడ్డున రచ్చబండ లాంటి ఖాళీ స్థలం, ఒక పక్క గ్రీకుల కాఫీ హోటల్, దానికి ఎదురుగా టర్కిష్ వాళ్ళ కాఫీ హోటల్, మధ్యలో ఒక బిల్డింగ్ మీద ఐక్యరాజ్యసమితి వాళ్ళ నీలం జెండా, చర్చి గంట స్తంభం ఒకటి, మసీదు మినార్ ఒకటి. తలెత్తి చూస్తే పైన గుట్ట అంచున ఏదో మిలిటరీ పోస్టు. ఫోన్ తీసి పైకి పెట్టానో లేదో పక్కనున్నాయన వద్దు వద్దు అని చెయ్యి ఊపాడు.

గ్రీకు వాళ్ళ వైపు కూర్చుని అలవాటు కొద్దీ "టర్కిష్ కాఫీ" అన్నా. పెద్దాయన నన్నొకసారి చూసి "సైప్రస్ కాఫీ" అని సరిచేసి మరీ తెచ్చాడు. చిన్న కప్పు, అడుగున మడ్డి.

యూట్యూబ్‌లో చూస్తే అందరూ "శాంతి గ్రామం", "కలిసిమెలిసి బతుకుతున్నారు" అని మ్యూజిక్ వేసి చూపిస్తున్నారు. మా సూపర్‌వైజర్‌ని అడిగితే మాత్రం "అక్కడ నీకేం పని" అన్నాడు. అంతే, ఇంకో మాట లేదు. దేశమంతా రెండు ముక్కలై ఎవరి వైపు వాళ్ళు ఉంటే ఈ ఒక్క ఊరు ఎట్లా మిగిలింది? నిజంగా కలిసే ఉంటారా? చరిత్ర తెలిసినవాళ్ళు కాస్త చెప్పండి, వికీపీడియా లింకు పడేయకండి, అది చదివా, ఏమీ ఎక్కలేదు.

పాతపటాలు

బాగుంది ప్రశ్న. కొంచెం పొడుగ్గా రాస్తా, ఓపిక ఉంటే చదువు.

ముందు ఒక మాట. నువ్వు "ఈ ఒక్క ఊరు ఎట్లా మిగిలింది" అన్నావు కదా, నిజానికి అడగాల్సింది మిగతావన్నీ ఎట్లా పోయాయి అని. ఎందుకంటే గ్రీకులు, టర్కిష్ వాళ్ళు ఒకే ఊళ్ళో ఉండడం సైప్రస్‌లో ఒకప్పుడు వింతే కాదు. 1891 లెక్కల్లో ఇలాంటి కలగలుపు ఊళ్ళు 346. 1960లో స్వతంత్రం వచ్చేసరికి 114. అంటే తుపాకులు పూర్తిగా పేలకముందే మూడింట రెండు వంతులు పోయాయి. ఇది చాలామంది చెప్పరు, అంతా 1974లో టర్కీ సైన్యం దిగిన రోజే మొదలైనట్టు చెప్తారు.

అసలు ఎట్లా కలిశారంటే, 1570లో ఒట్టోమన్లు దిగి రాజధాని నికోసియా తీసుకున్నారు, మరుసటి ఏడు ఫామగుస్తా కూడా వెనీస్ వాళ్ళ చేతుల్లోంచి పోయింది. సైనికులు, అనటోలియా నుంచి తెచ్చి దింపినవాళ్ళు ఊళ్ళల్లో స్థిరపడ్డారు. ఇక్కడివాళ్ళే కొందరు మతం మారారు, కొందరైతే పైకి ముస్లింలుగా, లోపల క్రైస్తవులుగా ఉండిపోయారు. వాళ్ళని లినోబంబాకి అనేవాళ్ళు. లినో అంటే అవిసె నార, బంబాకి అంటే పత్తి. రెండు దారాలూ కలిపి నేసిన గుడ్డ అన్నమాట. లూరుజినా అనే ఊరు ఇందుకు పేరుబడ్డది. పేరొకటి బయటికి, పేరొకటి ఇంట్లోకి. పేదరైతుకి పన్ను తగ్గడమే పెద్ద విషయం, అందులో మనం తప్పు పట్టేదేం లేదు.

1878లో బ్రిటిష్ వాళ్ళొచ్చారు. బళ్ళు పెరిగాయి, కానీ గ్రీకు పిల్లలకి గ్రీకు బడి, టర్కిష్ పిల్లలకి టర్కిష్ బడి. ఒక బళ్ళో గ్రీసు కథలు, ఒక బళ్ళో టర్కీ కథలు. ఒకే బావిలో నీళ్ళు తోడుకున్న ఇళ్ళ పిల్లలే, రెండు తరాలు తిరిగేసరికి ఒకరు "గ్రీసులో కలవాలి" అన్నారు, ఇంకొకరు "పంచి ఇవ్వండి" అన్నారు. 1955లో గ్రీకుల వైపు ఈయోకా అనే దళం సాయుధ పోరాటం మొదలుపెట్టింది, దానికి పోటీగా టర్కిష్ వాళ్ళ దళం టీఎంటీ వచ్చింది. 1958లో కొట్లాటలు. 1960లో ఆర్చిబిషప్ మకారియోస్ అధ్యక్షుడిగా, ఫాజిల్ కుచుక్ ఉపాధ్యక్షుడిగా కొత్త దేశం మొదలైతే మూడేళ్ళు నిలవలేదు, 1963 డిసెంబర్‌లో మళ్ళీ రక్తం. కలగలుపు ఊళ్ళల్లోని టర్కిష్ వాళ్ళు వేలల్లో ఇళ్ళు వదిలి తమవాళ్ళు ఎక్కువున్న చోట్లకి పోయి చేరారు.

ఆ తర్వాత 1974. జూలై 15న మకారియోస్‌ని దించడానికి ఏథెన్స్‌లోని మిలిటరీ ప్రభుత్వం అండతో కుట్ర, 20న టర్కీ సైన్యం దిగింది, ఆగస్టు 14న రెండో దఫా దాడి. లక్షన్నరకి పైగా గ్రీకులు దక్షిణానికి, నలభై వేలకి పైగా టర్కిష్ వాళ్ళు ఉత్తరానికి. ఆ ఆగస్టు రోజుల్లోనే తోహ్ని అనే కలగలుపు ఊరి నుంచి ఎనభైకి పైగా టర్కిష్ మగవాళ్ళని గ్రీకు సాయుధులు బస్సుల్లో ఎక్కించుకుపోయి కాల్చేశారు. అటు ఆస్సియా నుంచి టర్కీ సైన్యం పట్టుకుపోయిన గ్రీకు మగవాళ్ళల్లో చాలామంది తిరిగి రాలేదు. 1963 గొడవల్లోవాళ్ళని కూడా కలిపి మొత్తం గల్లంతైనవాళ్ళ అధికారిక జాబితా 2,002 మంది, 1,510 గ్రీకులు, 492 టర్కిష్ వాళ్ళు. ఇప్పటికీ ఎముకలు తవ్వి, డీఎన్ఏ చూసి ఇంటివాళ్ళకి అప్పగిస్తున్నారు. మీ సూపర్‌వైజర్ ముఖం ఎందుకు అట్లా పెట్టాడో ఇప్పుడు అర్థమవుతుందనుకుంటా.

ఇక పీలా. ఇది మిగలడానికి కారణం అక్కడి జనం మిగతావాళ్ళకంటే మంచోళ్ళు కావడం కాదు. 1963 గొడవల్లో ఇక్కడి టర్కిష్ వాళ్ళు ఊరు వదల్లేదు, అది ఒక సంగతి. రెండోది, పక్కనే దెకేలియాలో బ్రిటిష్ సైనిక స్థావరం, స్వతంత్రం ఇచ్చేటప్పుడు బ్రిటన్ తనకోసం ఉంచేసుకున్న నేల అది. టర్కీ సైన్యం దాని జోలికి పోలేదు. కాల్పులు ఆగేసరికి ఊరు రెండు సైన్యాల గీతల మధ్య పడిపోయింది, ఐక్యరాజ్యసమితి చేతికొచ్చింది. సుమారు 180 కిలోమీటర్ల పొడుగున్న ఆ మధ్య పట్టీలో రెండు జాతులూ ఇళ్ళు కట్టుకుని ఉంటున్న ఊరు ఇదొక్కటే. పటం మీద గీత ఇంకో రెండు మైళ్ళు అటో ఇటో పడుంటే నువ్వు చూసిన రెండు కాఫీ హోటళ్ళల్లో ఒకటి ఉండేది కాదు.

ఉప్పుచెరువు

అన్నా ఇంత రాస్తారనుకోలేదు, థ్యాంక్స్. బస్సుల సంగతి చదివాక కాసేపు ఏం తోచలేదు. కానీ నా రెండో ప్రశ్న అట్లాగే ఉంది, ఇప్పుడు కలిసే ఉంటారా లేదా? పోలీసులు ఎవరు? పంచాయతీ ఎవరిది?

పాతపటాలు

పక్కపక్కన ఉంటారు. కలిసి అనే మాటకి నేను కొంచెం ఆలోచిస్తా.

ఇద్దరు ముఖ్తార్లు, ఒకరు వీళ్ళకి ఒకరు వాళ్ళకి. ముఖ్తార్ అంటే ఊరి పెద్ద, మన ముఖ్తారునామాలో ఉన్న ముఖ్తారే, అరబ్బీ మాట, అటూ పోయింది ఇటూ వచ్చింది. ప్రాథమిక బళ్ళు రెండు. చర్చి, మసీదు ఎట్లాగూ వేరు. ఏ వైపు పోలీసైనా ఊళ్ళోకి రావాలంటే ఐక్యరాజ్యసమితిని అడగాలి, గస్తీ వాళ్ళదే. ఒక కొత్త రేకుల షెడ్డు వేసినా, జెండా కట్టినా అది పంచాయితీ అవుతుంది.

అట్లాగని పనికిరాని ఊరేం కాదు. 2003 ఏప్రిల్‌లో రెండు వైపుల మధ్య గేట్లు తెరిచేవరకు మామూలు జనానికి అటువైపు మనిషి ముఖం చూసే దారే లేదు. 1997 చివర్లో నికోసియాలో రెండు వైపుల వాళ్ళు కూర్చునే మీటింగులకి టర్కిష్ వైపు పర్మిషన్లు ఆగిపోతే, వాళ్ళంతా వచ్చి కలుసుకున్నది పీలాలోనే. టీచర్లు, యువకులు, రచయితలు. అప్పట్లో ఈ ఊరి కుర్చీలకి అంత విలువ.

మెసార్య

నమస్తే అండి. నేను కోనసీమ నుంచి వచ్చి పదకొండేళ్ళయింది, ఇళ్ళల్లో పెద్దవాళ్ళని చూసుకునే పని. పటాలు గారంత చరిత్ర నాకు తెలీదు, నేను చూసింది రాస్తా.

ఇంతకు ముందు నేను చేసిన ఇంట్లో మామ్మగారికి ఎనభై ఏడు. మెసార్య మైదానంలో ఇట్లాంటి కలగలుపు ఊరే ఆవిడది, ఇప్పుడది ఉత్తరం వైపు ఉంది. టర్కిష్ వాళ్ళంటే నోటికొచ్చినట్టు తిట్టేది. అదే మామ్మగారు సాయంత్రం కొడుకుతో తావ్లి ఆడేటప్పుడు పాచికలు పడగానే "శేష్ బేష్" అని అరిచేది. అంటే ఆరు, అయిదు. అవి గ్రీకు అంకెలు కావమ్మా అంటే ఆవిడకి కోపం, "ఇది తావ్లి భాష" అనేది. ఆ తర్వాత తెలిసింది, రెండు వైపులా అట్లాగే అంటారట. మా తాతయ్య చదరంగంలో షా, వజీరు అన్నట్టే.

ఒకరోజు చామదుంపలు తెచ్చారు. ఇక్కడ కొలొకాసి అంటారు, పీలాకి తూర్పున సొతీరా అనే ఊరు దీనికి పేరు. మన చామదుంపకంటే చాలా పెద్దది, ఒక్కోటి పిల్లాడి తలకాయంత. నేను మనలాగే శుభ్రంగా కడిగి కత్తితో ముక్కలు చెయ్యబోతే మామ్మగారు మంచం మీద నుంచే కేక. తొక్క తీశాక నీళ్ళు తగలకూడదట, కత్తి సగం దించి విరిచెయ్యాలట, అప్పుడు జిగురు రాదట. "ఎవరు నేర్పారమ్మా" అంటే కాసేపాగి, పక్కింటి ఆవిడ అంది. పేరు చెప్పింది, టర్కిష్ పేరు. అంతకు మించి ఏమీ చెప్పలేదు, నేనూ అడగలేదు. చింతపండు వేసి వండితే మాత్రం ముఖం చిట్లించింది, అది వేరే సంగతి.

గేట్లు తెరిచిన ఏడాది వాళ్ళ అబ్బాయి కార్లో తీసుకెళ్తానంటే ఆవిడ వెళ్ళలేదట. నా ఇంటికి నేను పాస్‌పోర్టు చూపించి వెళ్ళాలా అని. ఆవిడ చెల్లెలు వెళ్ళొచ్చింది. ఆ ఇంట్లో ఉన్నవాళ్ళు కూడా దక్షిణం నుంచి పారిపోయొచ్చినవాళ్ళేనట, కాఫీ ఇచ్చి కూర్చోబెట్టారట. చెల్లెలు నిమ్మకాయలు తెచ్చింది, వాళ్ళ పెరటి చెట్టువి. ఈవిడ ముట్టలేదు.

బాబూ ఉప్పుచెరువూ, నీ కాఫీ సంగతి చదివి నవ్వొచ్చింది. 1974కి ముందు గ్రీకులు కూడా టర్కిష్ కాఫీ అనే అనేవాళ్ళట. అదే పొడి, అదే గిన్నె. ఊరికే "కాఫీ" అను, గొడవుండదు.

కడప_కారం

మెసార్య అక్కా, నిమ్మకాయల దగ్గర ఆగిపోయా.

మా కడపలో ఉగాదికి ముస్లింలు దేవుని కడప వెంకటేశ్వరస్వామి గుడికి వస్తారు, మా ఊరి పీర్ల పండక్కి గుండం చుట్టూ ఎగిరేదాంట్లో సగంమంది హిందువులే. మరి సైప్రస్‌లో అట్లాంటివేం లేవా? వేరు బళ్ళు, వేరు పెద్దలు అంటుంటే ఎప్పుడూ విడివిడిగానే ఉన్నట్టుంది కదా.

పాతపటాలు

ఉన్నాయి, బాగా ఉన్నాయి. కర్పాస్ ద్వీపకల్పం కొసన అపోస్తోలోస్ అంద్రెయాస్ మఠం, క్రైస్తవులదే, కానీ టర్కిష్ వాళ్ళు కూడా మొక్కుకుని కొవ్వొత్తులు వెలిగిస్తారు. 1974 తర్వాత పాడుబడిపోతే 2008లో రెండు వైపులవాళ్ళు కలిసి పెట్టుకున్న వారసత్వ కమిటీ బాగుచేయించింది, ప్రధానమైన పని 2016లో పూర్తయింది. అదే కమిటీ అటు చర్చిలు, ఇటు మసీదులు రెండూ బాగుచేస్తోంది. లార్నకాలో ఉప్పు చెరువు ఒడ్డున హాలా సుల్తాన్ టెక్కె ఉంది, మన దర్గా లాంటిది, ప్రవక్త మహమ్మద్ బంధువుగా చెప్పే ఉమ్ హరామ్ సమాధి. అక్కడికి ముస్లింలతో పాటు క్రైస్తవులు కూడా మొక్కులకి వెళ్ళేవాళ్ళు. ఉప్పుచెరువు అని పేరు పెట్టుకున్నావంటే అది చూసే ఉంటావు.

మొక్కు ఉన్నంత మాత్రాన ఊరు నిలబడదు, అదే బాధ. తోహ్నిలో కూడా పక్కింటి పెళ్ళికి వెళ్ళినవాళ్ళే.

గేటు_అవతల

నేను ఫామగుస్తాలో చదువుతున్నా, అంటే ఉత్తరం వైపు. (యూరప్‌లో చదువు అని చెప్పి పంపించాడు మా ఏజెంటు, దిగాక తెలిసింది ఉత్తరం వాళ్ళు తమ దేశమని చెప్పుకునేదాన్ని టర్కీ తప్ప ఎవ్వరూ గుర్తించలేదని. జూనియర్లెవరైనా చదువుతుంటే దయచేసి మ్యాప్ చూసుకుని ఫీజు కట్టండి.) మీరంతా దక్షిణం నుంచి చూస్తున్నారు, ఇటువైపు మాట కూడా ఒకటి వినండి.

నాకు పీలా అరగంట దూరం, కానీ నేను రాలేను. ఉత్తరం ఎయిర్‌పోర్టులో దిగినవాళ్ళ రాక దక్షిణం లెక్కలో అక్రమం, నాలాంటి వీసా వాళ్ళని గేటు దాటనివ్వరు. మా క్లాసులో పీలా అమ్మాయి ఒకామె ఉంది. వాళ్ళు ఊరిని పిలే అంటారు. రోజూ బెయార్ముదు గేటు, అంటే గ్రీకుల భాషలో పెర్గామోస్, అక్కడ బ్రిటిష్ స్థావరం చెక్‌పోస్టు దాటి వచ్చి, మళ్ళీ దాటి ఇంటికి వెళ్తుంది. సంచిలో కూరగాయలున్నా అడుగుతారట.

2023 ఆగస్టు 18 గొడవ అందుకే. యిగిత్లర్ అనే ఊరి నుంచి పిలేకి చెక్‌పోస్టు లేకుండా నేరుగా రోడ్డు వేస్తామని టర్కిష్ వైపువాళ్ళు బుల్డోజర్లతో వచ్చారు, ఐక్యరాజ్యసమితి సైనికులు వాహనాలు అడ్డం పెట్టారు, ఆ వాహనాలని నెట్టి పారేసి సైనికులని కొట్టారు, ముగ్గురు హాస్పిటల్‌లో చేరారు. కొట్టడం తప్పే, అందులో వాదన లేదు. కానీ మా క్లాస్‌మేట్ ఒకటే అంటుంది, "మా నాన్నకి ఒంట్లో బాలేకపోతే అంబులెన్స్ ఎటు నుంచి రావాలి?" దానికి నా దగ్గర జవాబు లేదు.

పాతపటాలు

నిజమే, ఆ కోణం నేను రాయలేదు, ఒప్పుకుంటున్నా. అవతలి వాదన కూడా పెట్టాలి కదా, ఆ రోడ్డు ఊరి పైనున్న గుట్ట మీదుగా పోతుంది, గుట్ట ఎవరి చేతిలో ఉంటే కింద ఊరు వాళ్ళ చూపుకింద ఉంటుంది. గ్రీకుల భయం అంబులెన్స్ గురించి కాదు, దాని వెనకాల వచ్చే ట్యాంకు గురించి. ఆ అక్టోబర్‌లో ఏదో రాజీ కుదిరిందన్నారు, పని మొదలైంది, మళ్ళీ దాని అర్థం ఏంటన్న దగ్గర గొడవై ఆగింది.

ఇంకో సంగతి, ఊరి దగ్గర్లోని గుట్టల్లో ఒకదాని పేరు కొక్కినోక్రెమోస్. క్రీస్తుపూర్వం 1200 ప్రాంతంలో దాని మీద ఒక కోట ఊరు కట్టారు, యాభై ఏళ్ళు కూడా ఉన్నట్టు లేదు, విలువైనవి గోతుల్లో దాచిపెట్టి అందరూ వెళ్ళిపోయారు, మళ్ళీ రాలేదు. తవ్వకాల్లో అక్కడ క్రీటు కుండలు, గ్రీసు మైసీనియన్ కుండలు, సార్డీనియా కుండలు, కనాను జాడీలు అన్నీ ఒకే చోట దొరికాయి. ఏ జాతి ఊరు అది అని పండితులు ఇంకా కొట్టుకుంటున్నారు. ఊళ్ళో మధ్యయుగం నాటి రాతి బురుజు ఉంది, నాలుగు పలకలుగా, అది చూడకుండా వచ్చావా ఉప్పుచెరువూ?

మనవాళ్ళ సంగతి కూడా చెప్పాలి. ఆ నీలం జెండా సైన్యానికి ముగ్గురు భారతీయులు కమాండర్లుగా చేశారు. 1964 మార్చిలో మొదటగా వచ్చింది జనరల్ గ్యానీ, ఆయన తర్వాత కొడగు మనిషి జనరల్ తిమ్మయ్య. తిమ్మయ్య 1965 డిసెంబర్‌లో డ్యూటీలో ఉండగానే సైప్రస్‌లో పోయారు, మరుసటి ఏడు సైప్రస్ ఆయన బొమ్మతో స్టాంపు వేసింది. 1974లో రెండు సైన్యాల మధ్య నిలబడాల్సి వచ్చింది జనరల్ ప్రేమ్‌చంద్.

ఉప్పుచెరువు

బురుజు చూశా అన్నా, పాత నీళ్ళ ట్యాంకేమో అనుకున్నా, తిట్టొద్దు.

ఈ ఆదివారం సెలవు దొరికింది, మళ్ళీ వెళ్తున్నా. ఈసారి ముందు టర్కిష్ వాళ్ళ హోటల్లో కూర్చుంటా. గేటు_అవతల బ్రో, మీ క్లాస్‌మేట్ వాళ్ళ ఊరే కదా, అక్కడ తాగాల్సిందేదైనా ఉంటే చెప్పు, నీ పేరు మీద తాగొస్తా. మెసార్య అక్కా, చక్కెర మధ్యస్థంగా కావాలంటే ఏమనాలి?

మెసార్య

గ్రీకుల దగ్గర "మెత్రియో", టర్కిష్ వాళ్ళ దగ్గర "ఓర్తా". తారుమారు చేసినా ఎవరూ కొట్టరులే. మడ్డి తాగకు.

గేటు_అవతల

కాఫీ చాలు బ్రో. క్లాస్‌మేట్‌ని అడిగా, మసీదు పక్క సందులో నుంచి చూస్తే వాళ్ళ నాయనమ్మ ఇంటి దానిమ్మ చెట్టు కనిపిస్తుందట, ఇంకా ఉందో లేదో కాదు, ఈ ఏడు కాసిందో లేదో చూడమంది. తను రోజూ వెళ్ళే ఇల్లే, అయినా నేనెప్పుడూ చూడలేదు కదా అని చెప్పింది. ఫోటో చెట్టుది మాత్రమే తియ్యి, గుట్ట వైపు తిప్పకు.